పదార్థబలశాస్త్రము: తొలి పుస్తకమున కావలి చదువు

హైదరాబాదు నుండి నాగార్జునసాగరమునకు పోవు రహదారి ననుసరించి, కుతుబ్‌షాహీల నాటి పెద్దచెరువునకు పేరుగాంచిన ఇబ్రహీంపట్నము చుట్టుపట్ల, ఇటీవలి పాతిక సంవత్సరములలో ఇంజనీరింగు కళాశాలలు దట్టముగా వెలసినవి. మంగళపల్లిలో సి.వి.ఆర్., భారత్ కళాశాలలును, శేరిగూడలో శ్రీ ఇందు కళాశాలయు, ఖానాపురము చెంత గురునానక్ విద్యాసంస్థలును ప్రతిదినము ఉదయమున బస్సుల బారులతో విద్యార్థులను రప్పించుకొనుచుండగా, అదే మండలములోని ఆదిబట్లలో టాటా సంస్థవారు అమెరికా సంస్థలతో గూడి విమానభాగములను నిర్మించుచున్నారు. సి-130జె సరకు విమానపు తోకభాగములు అచ్చట తయారై సముద్రము దాటిపోవుచున్నవి. అపాచీ హెలికాప్టరు దేహములు 2018 నుండి అచ్చటనే రూపొందుచున్నవి. కళాశాలకును కర్మాగారమునకును నడుమ దూరము కొలది మైళ్లు మాత్రమే. కాని కళాశాలలో రెండవ సంవత్సరపు విద్యార్థి చదువు పదార్థబలశాస్త్రమునకును, కర్మాగారమున ఒక్క రివెట్టు స్థానమును నిర్ణయించుటకు వెనుకనున్న పదార్థబలశాస్త్రమునకును నడుమ దూరము అంత స్వల్పము కాదు. ఆ దారిలో ఏమేమి యున్నవి, దానిని వేసినవారెవరు, మన విద్యార్థి ఎచ్చట నిలిచిపోవుచున్నాడు, ముందుకు నడువవలెనన్న ఏమి చేయవలెను అను ప్రశ్నలను పరామర్శించుట యీ వ్యాసమున కుద్దేశము.

మెకానికల్, సివిల్ శాఖల విద్యార్థులు ‘ఎస్.ఓ.ఎం.’ అని పిలుచుకొను తొలి పుస్తకములోని విషయములు స్థూలముగా నివి: ప్రతిబలము, వికృతి, వానిని కలుపు యంగ్ గుణకము, దూలములలోని కోతబలమును వంపు భ్రామకమును చూపు పటములు, దూలములకు వంపు సూత్రము, గుండ్రని ఇరుసులకు మెలి సూత్రము, పలుచని గోడల పీపాలు, ఆయిలరు స్తంభము, మోర్ వృత్తము. ఒక్క సంవత్సరములో ముగియు నీ చదువు వెనుక రెండువందల యేండ్ల మేధాశ్రమ గలదు. గోడలో నాటిన దూలము ఎంత బరువునకు విరుగునో 1638లో ప్రకటించిన గ్రంథమున గెలీలియో విచారించెను గాని, విరుగు ఛేదమునందు బలములు పంపకమగు తీరును సరిగా పట్టుకొనలేకపోయెను. 1773లో కూలుంబ్ ఆ పంపకమును సరిదిద్దెను. 1826లో నావియే తన పాఠములను అచ్చువేయించి, దూలము విరుగు బరువును గాక అది క్షేమముగా మోయగల బరువును లెక్కించు పద్ధతిని ఇంజనీర్ల చేతికిచ్చెను. ఈనాటికిని మన యిండ్ల స్లాబులు, వంతెనల దూలములు, లారీల కమానుకట్టలు మొదటి లెక్కకు ఈ పుస్తకమునే ఆశ్రయించుచున్నవి గనుక, దీనిని తేలికగా చూచి పై మెట్టునకు ఎగబ్రాకజూచుట క్షేమము కాదు.

ఈ తొలి పుస్తకపు బలమంతయు నొక సాహసోపేతమైన కల్పనలో గలదు. వస్తువు లోపలి ప్రతిబలములు కంటికి కనబడవు; సమతౌల్య సూత్రములు మాత్రమే వానిని నిర్ణయింపజాలవు; కనుక వస్తువు ఏ విధముగా రూపుమారునో ముందుగా ఊహించి, అనగా వంగిన దూలములో సమతలముగా నున్న ఛేదములు సమతలముగానే నిలుచునని యూహించి, ఆ యూహనుండి వికృతులను, వికృతులనుండి ప్రతిబలములను రాబట్టుదురు. దానితోపాటు వస్తువు అంతటను ఒకే తీరుగా నుండుననియు, అన్ని దిశలయందును ఒకే గుణము గలదనియు, బరువు తీసినంతనే తొల్లింటి రూపమునకు వచ్చుననియు, దూలము నిడివి దాని ఎత్తుకంటె చాల హెచ్చనియు, లోపల పగులేదియు లేదనియు పుటకొకటిగా ఒప్పుకొనుచు పోవుదురు. సంవత్సరాంత పరీక్ష వచ్చునప్పటికి విద్యార్థి మనస్సులో సూత్రములు నిలుచును. ఒప్పుకొన్న మాటలు జారిపోవును. నా యభిప్రాయములో పై చదువనగా ఆ జారిపోయిన మాటలను ఒక్కొక్కటిగా తిరిగి చేతబట్టి, ఇది నిజము కానిచోట ఏమి జరుగునని అడుగుచు పోవుటయే. సెయింట్ వెనాంట్ నుండి నేటివరకు ఈ శాస్త్రమును పెంచినవారందరును చేసినది అదియే.

దీనికి ప్రయోగశాల అక్కరలేని నిదర్శన మొకటి ప్రతి తరగతి గదిలోను నల్లబల్ల క్రింద పడియుండును. ఒక సుద్దముక్కను రెండు కొనల పట్టుకొని, వంచక, లాగక, కేవలము మెలిపెట్టినచో అది పుటుక్కున తెగును. తెగిన ముఖమును వెలుతురునకు పట్టి చూచినచో అది అడ్డముగా నుండక, ముక్క నిడివికి 45 డిగ్రీల వాలులో మరమేకు చుట్టువలె తిరిగి, చివర నిలువుగా కలిసికొని యుండును. అదే విధముగా మెత్తని ఉక్కు కమ్మిని మెలియంత్రములో బిగించి త్రిప్పినచో అది తొందరపడి తెగదు. పలుమార్లు చుట్టుతిరిగి, పైన గీసిన నిలువుగీత మెలిక తీగెగా మారిన పిమ్మట, కత్తితో కోసినట్లు నునుపుగా అడ్డముగా తెగును. తొలి పుస్తకపు సూత్రము ఈ రెంటికిని ఒకే లెక్క చెప్పును. ప్రతిబలమెంతయో చెప్పును గాని, తెగు ముఖమేదియో, తెగు తీరేదియో చెప్పదు. మెలిపెట్టిన కమ్మిలో అడ్డముఖముపై కోత ప్రతిబలమున్నప్పుడు, 45 డిగ్రీల వాలుముఖముపై అంతే పరిమాణముగల లాగుడు ప్రతిబల ముండును. సుద్దముక్క లాగుడునకు ఓర్వదు. ఉక్కు కోతకు ముందుగా లొంగును. ప్రతిబలము ఒక సంఖ్య గాక, ఒక్క బిందువుచుట్టు దిక్కుదిక్కునకు మారు రాశి యను సత్యము ఇచ్చట చేతిలో చూడగలము. దానిని 1822 ప్రాంతమున కోషీ గణితరూపమున స్థాపించెను; మొదటి సంవత్సరపు గణితములో సౌష్ఠవ మాత్రికకు ఐగెన్ విలువలను కనుగొను పద్ధతి నేర్చిన విద్యార్థి, ప్రధాన ప్రతిబలములు ఆ విలువలే యని తెలియకయే పట్టము పుచ్చుకొనుట నాకు మిక్కిలి ఖేదము కలిగించు విషయము. పదార్థము ఎప్పుడు లొంగునను ప్రశ్నకు 1864లో ట్రెస్కా గరిష్ఠ కోత ప్రతిబలమును కొలబద్దగా చూపగా, 1904లో హ్యూబరును 1913లో ఫాన్ మీజెస్‌ను మరియొక కొలబద్దను సూచించిరి. శుద్ధమైన కోతలో ఉక్కు తన లాగుడు సామర్థ్యములో సగముచోట లొంగునని మొదటిది చెప్పును, 0.577 వంతుచోట ననునది రెండవది. సాగుడుగల లోహములపై 1931లో టేలరు, క్విన్నీలు చేసిన ప్రయోగములు రెండవదానికే చేరువగా నున్నవి.

మెలి సూత్రమునందే ఇంకొక కల్పన దాగియున్నది. ఇరుసు గుండ్రముగా నున్నంతవరకే దాని ఛేదములు మెలిలో సమతలములుగా నుండును. చదరపు కడ్డీని తీసికొన్నచో, నడిమికి దూరమైనకొలది ప్రతిబలము పెరుగునను తొలి పాఠము ప్రకారము నాలుగు మూలలయందే అది గరిష్ఠమై యుండవలెను. నావియే సైతము అట్లే తలచెను. 1853లో సెయింట్ వెనాంట్ సమర్పించిన మెలి వ్యాసము ఈ తలపును తలక్రిందులు చేసెను: మూలయొద్ద కోత ప్రతిబలము సున్న, భుజముల నడిమియొద్ద అది గరిష్ఠము. కారణము ఆలోచించినచో సులభము. మూలయొద్ద కలియు రెండు ముఖములును గాలికి తెరపియై యున్నవి. వానిపై ఏ బలమును లేదు. ఒకదానికొకటి లంబముగా నున్న ముఖములపై కోత ప్రతిబలములు సమానములుగా నుండవలెను గనుక, వెలుపల లేనిది లోపల నుండజాలదు. ఛేదము మాత్రము సమతలముగా నిలువక, అలవలె ఎత్తుపల్లములు పొందును. 1903లో ప్రాంట్ల్ ఈ సమస్యకు ఒక సుందరమైన రూపము నిచ్చెను: ఛేదపు ఆకారముననే రంధ్రము కోసి, దానిపై సబ్బునీటి పొరను పరచి, క్రిందినుండి కొంచెము ఊదినచో, పొర వాలు ఎచ్చట నిట్రముగా నుండునో అచ్చట ప్రతిబలము హెచ్చు, పొర క్రింది ఘనపరిమాణము మెలి సామర్థ్యమునకు కొలత. 1917లో ఇంగ్లండు నందు గ్రిఫిత్, టేలరులు నిజముగానే సబ్బు పొరలను పరచి, గణితమునకు లొంగని విమానభాగముల ఛేదములను ఈ పద్ధతిని కొలిచిరి.

ఈ పొర మన విద్యార్థికి చూపు రహస్యము, విమాననిర్మాణమున కంతటికిని మూలము. నీటి గొట్టములకు వాడు పి.వి.సి. పైపు నొకదానిని, దాని వ్యాసార్ధము గోడ మందమునకు 20 రెట్లున్నదానిని తీసికొని మెలిపెట్టజూడుడు, అది కదలదు. పిదప దానిని నిడివిపొడుగున రంపముతో ఒక్కగీత చీల్చి మరల మెలిపెట్టుడు. వ్రేళ్లకే లొంగి పాము తీరున తిరుగును. తీసివేసిన పదార్థము రంపపు పొట్టు మాత్రమే. వంపునకు దాని బిగువు ఇంచుమించు మునుపటివలెనే యున్నది. మెలికి మాత్రము బిగువు 1,200 వంతులలో ఒక వంతునకు పడిపోయినది. మూసిన గొట్టములో కోతబలము గోడవెంట చుట్టును ప్రవహించి తిరిగి మొదటికి చేరును. చీలిక ఆ ప్రవాహమును తెంచును. మూసిన పలుచని గొట్టములకు ఈ ప్రవాహమును లెక్కించు సూత్రమును 1896లో బ్రెట్ ప్రకటించెను. విమానపు దేహము మూసిన గొట్టమే. దానికి తలుపు పెట్టినచోట, కిటికీ కోసినచోట, సి-130 వంటి సరకు విమానమునకు వెనుకనుండి వాహనము లెక్కుటకు నేల తెరచినచోట, ఆ ప్రవాహము దారి తప్పకుండ అంచులయందు బలమైన చట్రములను కూర్చవలెను. ఆదిబట్లలో బిగించు ప్రతి పక్కటెముక వెనుకను, ప్రతి నిలువు పట్టీ వెనుకను ఈ విచారమే గలదు. అంతేకాదు, తొలి పుస్తకములో నొక పలుచని రేకు సంపీడనముచే ముడుత పడినచో అది చెడినట్లే లెక్క; కాని విమానమునందలి రేకు ముడుత పడిన పిమ్మటను, ఆ ముడుతలవెంట వాలుగా లాగుడు బలమును మోయుచు పనిచేయును. 1929లో హెర్బర్ట్ వాగ్నరు ఈ సంగతిని సిద్ధాంతముగా నిలిపినందుననే లోహపు విమానములు అంత తేలికగా నిర్మించుట సాధ్యమైనది.

వంపు సూత్రమునకు గల తక్కిన కంచెలను ఇచ్చట క్లుప్తముగా చెప్పుదును. వాలు కప్పుల రేకుల క్రింద వేయు యాంగిల్ కమ్ములవంటివి బరువు పడిన దిశకు గాక ప్రక్కకును వంగును. ఏలయన వాని ఛేదమునకు బరువు దిశలో సౌష్ఠవము లేదు. చానెల్ కమ్మిపై బరువు దాని గురుత్వకేంద్రము ద్వారా పోయినను అది మెలి తిరుగును. తిరుగకుండుటకు బరువు కమ్మికి వెలుపలనున్న మరియొక బిందువు ద్వారా పోవలెను. ఇక క్రేను కొక్కెము సంగతి: అది పుట్టుకతోనే వంకరయైనది గనుక లోపలి అంచు పోగులు పొట్టివి, వెలుపలి పోగులు పొడవైనవి, అదే భ్రామకమునకు పొట్టి పోగుల వికృతి హెచ్చు. దీర్ఘచతురస్రపు ఛేదముగల కొక్కెమునకు వంపు వ్యాసార్ధము ఛేదపు ఎత్తుతో సమానమైనచో, లోపలి అంచునందు వంపు ప్రతిబలము తిన్నని దూలపు లెక్కకంటె సుమారు 52 శాతము హెచ్చుగను, వెలుపలి అంచునందు 27 శాతము తక్కువగను ఉండును. ఈ భేదము తెలియక తిన్నని లెక్కతో చేసిన కొక్కెము క్రింద మనుష్యులు నిలుచుట ప్రమాదకరము.

పదార్థము అవిచ్ఛిన్నమను కల్పన తొలగినచోట శాస్త్రము మిక్కిలి గంభీరమగును. 1898లో కిర్ష్, విశాలమైన రేకునకు నడుమ గుండ్రని రంధ్రమొకటి యున్నచో, ఎంత చిన్నదైనను సరే, దాని అంచున ప్రతిబలము మూడు రెట్లగునని లెక్కించెను. రంధ్రము చిన్నదైనకొలది హాని చిన్నదగునని తలచు సామాన్యబుద్ధికి ఇది అందదు. రంధ్రపు పరిమాణము కాదు, ఆకారము ముఖ్యము. 1913లో ఇంగ్లిస్ దీర్ఘవృత్తపు రంధ్రమును పరిశీలించి, లాగుడునకు అడ్డముగా నున్న దాని పొడవు వెడల్పునకు పది రెట్లైనచో కొనయందు ప్రతిబలము 21 రెట్లగునని చూపెను. మరి వెడల్పు సున్నయైన పగులు మాటయేమి? ఆ లెక్క ప్రకారము ప్రతిబలము అనంతము. అట్లయినచో గీటుపడిన ప్రతి గాజుపలకయు తాకినంతనే పగులవలెను. ఈ వైరుధ్యమును 1921లో గ్రిఫిత్ విడదీసెను. పగులు పెరుగుటకు క్రొత్త ముఖములు పుట్టవలెను. ముఖములు పుట్టుటకు శక్తి వ్యయమగును. పగులు పెరిగినందువలన వస్తువులో విడుదలయగు శక్తి ఆ వ్యయమునకు చాలినప్పుడే పగులు పారును. ప్రతిబలమును విడిచి శక్తిని పట్టుకొనుటలోనే ఆతని ప్రతిభ గలదు. సాగుడుగల లోహములకు ఈ భావమును అన్వయించి, పగులుకొన యొద్ది తీవ్రతను ఒక్క గుణకముతో చెప్పు పద్ధతిని 1957లో ఇర్విన్ స్థాపించెను.

రంగారెడ్డి జిల్లా గుట్టలలో రాయి కొట్టు వడ్డెరలు ఈ సంగతిని పుస్తకము లేకయే ఎరుగుదురు. ఇంటిగదియంత గ్రానైటు బండను చీల్చుటకు వారు దానిని కొట్టి పిండిచేయరు. చీలవలసిన గీతవెంట జానకొకటిగా చిన్న గుంటలు తొలిచి, వానిలో ఇనుప చీలలను దిగవేసి, వరుసగా ఒక్కొక్కదానిపై సమ్మెటతో సమముగా కొట్టుకొని పోవుదురు. ఆ చప్పుడు మారినప్పుడు చేయి ఆపి నిలుచుందురు. కొంతసేపటికి బండ తనంతట తానే గీతవెంట విచ్చుకొనును. గుంటల అంచున లాగుడు పేరుకొనుట, ఒక గుంటనుండి మరియొకదానికి పగులు పాకుట, లోపల నిలువయున్న శక్తియే మిగిలిన పనిని చేయుట అను మూడు విషయములును ఇచ్చట కలవు. ఇంజనీరింగు విద్యార్థి నొక ఉదయము అట్టి చోటికి తీసికొనిపోయి నిలువబెట్టి, తిరిగి వచ్చిన పిమ్మట గ్రిఫిత్ సిద్ధాంతము నారంభించు ఉపాధ్యాయుడు అధిక శ్రమ లేకయే దానిని బోధింపగలడు.

విమానముల విషయములో ఈ విద్యకు ఎంత మూల్యము చెల్లింపవలసి వచ్చెనో 1954 సంవత్సరము చెప్పును. ఆ యేడు జనవరిలో ఎల్బా ద్వీపము చెంతను, ఏప్రిలులో నేపుల్సు చెంతను కామెట్ జెట్ విమానములు రెండు ఆకాశముననే విచ్ఛిన్నమై సముద్రములో కూలినవి. ఇంగ్లండులోని ఫార్న్‌బరోలో, అనగా గ్రిఫిత్ పనిచేసిన చోటనే, ఒక విమానదేహమును నీటితొట్టెలో నుంచి, ప్రతి ప్రయాణమున దేహము పొందు గాలి ఒత్తిడిని నీటితో మరల మరల కల్పింపగా, అది అంతకు పూర్వము పొందిన వానితో కలిపి దాదాపు 3,000 ఆవృత్తుల పిమ్మట ఒక తెరపి మూలనుండి చీలిపోయెను. ఒక్కసారి మోసిన బరువును వేలసార్లు మోయలేకపోవుట లోహమునకు అలసట. 1842లో వెర్సాయ్ రైలు ప్రమాదమున ఇరుసు విరిగినప్పటినుండి ఈ సంగతి ఇంజనీర్లను బాధించుచుండగా, జర్మనీలో వోలర్ రైలు ఇరుసులపై సంవత్సరముల తరబడి పరీక్షలు చేసి, ప్రతిబలమునకును ఆవృత్తుల సంఖ్యకును గల సంబంధమును స్థాపించెను. 1960 తరువాత పారిస్ అను ఇంజనీరు, ఒక్కొక్క ఆవృత్తికి పగులు ఎంత పెరుగునో ఇర్విన్ గుణకముతో ముడిపెట్టెను గనుక, ఇప్పుడు విమానమును పగులు లేనిదిగా గాక, పగులుతో కూడినదిగానే యెంచి, తనిఖీకి తనిఖీకి నడుమ ఆ పగులు ఎంత పెరుగునో లెక్కించి నడుపుదురు. 1988లో అలోహా సంస్థ విమానపు పైకప్పు ఆకాశమున ఎగిరిపోయిన పిమ్మట, వయసు మళ్లిన విమానముల రివెట్టు వరుసలలో పలు చిన్నపగుళ్లు కలిసి పారు సమస్య ముందుకు రాగా, దానిపై కృషిచేసినవారిలో మన గుడివాడలో జన్మించిన అట్లూరి సత్యనాథముగా రొకరు. భారత ప్రభుత్వము 2013లో వారిని పద్మభూషణముతో సత్కరించినది.

ఇక సమతల ఛేదముల కల్పనకు వచ్చెదను. ఒక్క కల్పన రెండు శతాబ్దములలో ఎట్లు సడలినదో, చివరి మెట్టు నెక్కినవాడు మన ఉస్మానియా విద్యార్థి యెట్లయ్యెనో తెలిసికొనుటకంటె ఉత్తేజకరమైనది ఈ చదువులో మరియొకటి లేదు. బెర్నూలీ, ఆయిలరుల దూలములో ఛేదము సమతలముగను, దూలపు అక్షమునకు లంబముగను నిలుచును. అనగా కోతవలన కలుగు రూపభేదము లేదని భావము. సన్నని పొడవైన దూలమునకు ఇది చాలును. 1921లో టిమొషెంకో, పొట్టి దూలములకును వేగముగా కంపించు దూలములకును ఇది చాలదని గ్రహించి, ఛేదము సమతలముగా నున్నను లంబముగా నుండనక్కర లేదని సడలించెను. పలకల విషయమున ఇదే పనిని 1945లో రైస్నరును, 1951లో మిండ్లినును చేసిరి. కాని ఛేదము సమతలమే యన్నచో కోత ప్రతిబలము మందమంతటను ఏకరీతిగా నుండవలసి వచ్చును. నిజమునకు పలక పైముఖమునను అడుగుముఖమునను అది సున్న. అందువలన 5/6 వంటి గుణకము నొకదానిని తెచ్చి లెక్కను సర్దవలసి వచ్చెను. లోహపు పలకకు ఈ సర్దుబాటుతో పని జరిగిపోయినను, కార్బను పోగులను జిగురుతో పొరలుపొరలుగా అతికించిన పలకలు విమానములలోనికి వచ్చినప్పుడు చిక్కు హెచ్చినది. అట్టి పలక పోగులవెంట ఉక్కుతో పోటీపడును గాని, పొరల నడుమ కోతకు మిక్కిలి మెత్తన.

1968లో ఉస్మానియా ఇంజనీరింగు కళాశాలలో మెకానికల్ పట్టము పొంది, అమెరికాలోని ఓక్లహోమాలోను అలబామాలోను పై చదువులు చదివిన జునుతుల నరసింహారెడ్డిగారు 1984లో ఈ చిక్కునకు పరిష్కారము చూపిరి. ఛేదము సమతలముగా నుండవలెనను నియమమునే విడిచి, అది మూడవ ఘాతపు వక్రముగా వంగునని వారు గ్రహించిరి. పై అడుగు ముఖములపై కోత సున్నయను నియమమును ఆ వక్రమునకు విధించినచో క్రొత్త చరరాశులు పెరుగక, పరవలయాకారపు కోత పంపకము తనంతట తానే వచ్చును. సర్దుబాటు గుణకము అక్కరలేదు. అమెరికా యంత్రశిల్పుల సంఘము ఈ రంగమున నిచ్చు టిమొషెంకో పతకమును 2019లో వారందుకొనిరి. 1921లో ఛేదమును మొదటిసారి వాల్చినవాని పేరిటి పతకము, దానిని పూర్తిగా వంచిన తెలుగువానికి చేరిన దన్నమాట. ఇబ్రహీంపట్నములో కూర్చున్న విద్యార్థికి ఈ సంగతి ఎవరైన చెప్పుచున్నారా యని నాకు సందేహము. చెప్పవలెను, గొప్పకొరకు కాక, ఆ సిద్ధాంతమును అర్థము చేసికొనుటకు ఆతడు రెండవ సంవత్సరములో నేర్చిన వంపు సూత్రమే ఆరంభస్థానమని తెలియుటకు.

పుస్తకముల మాట. మన తరగతులలో చిరకాలముగా వాడుకలో నున్న రామామృతము, బన్సాల్, పున్మియాల గ్రంథములు లెక్కలు చేయు నేర్పును చక్కగా అలవరచును. వానిపిదప విద్యార్థి యొక్కసారిగా టిమొషెంకో, గూడియర్ల స్థితిస్థాపకతా సిద్ధాంతము నెత్తుకొన్నచో పాక్షిక అవకలన సమీకరణముల అడవిలో దారి తప్పును. టిమొషెంకోయే 1930లో రెండు భాగములుగా వెలువరించిన పదార్థబల గ్రంథమున రెండవ భాగము నడిమెట్టుగా నుండదగినది. మన దేశీయుడైన ఎల్. ఎస్. శ్రీనాథ్ రచించిన గ్రంథము బిందువుచుట్టు ప్రతిబలమును, శక్తి పద్ధతులను మన విద్యార్థి యెరిగిన తీరులో వివరించును. బొరేసీ గ్రంథము విస్తారమైనది, సంప్రదించుటకు మేలైనది. నన్నడిగినచో శక్తి పద్ధతులతో ఆరంభింపవలె నందును. ఏలయన 1870ల నాటి కాస్టిగ్లియానో సిద్ధాంతము తొలి పుస్తకపు దూలములకే క్రొత్త చూపు నిచ్చును, గ్రిఫిత్‌నకును కంప్యూటరు పద్ధతులకును అదియే ద్వారము. ఆ పిదప త్రిదిశా ప్రతిబలము, సెయింట్ వెనాంట్ మెలి, కిర్ష్ రంధ్రము, పగుళ్లు. ప్లాస్టిక్ స్థితిని సివిల్ విద్యార్థులు ముందునకు జరుపుకొనవచ్చును, దీర్ఘచతురస్రపు దూలము మొదటి పోగు లొంగిన పిమ్మటను ఒకటిన్నర రెట్ల భ్రామకమును మోయుననునది ఉక్కు కట్టడములకు 2007లో వచ్చిన ఐ.ఎస్. 800 నియమావళికి పునాది గనుక. గుల్లల సిద్ధాంతమును చివరకు విడువవచ్చును. ఐ.ఐ.టి.ల ఆచార్యుల ఉపన్యాసములు ఎన్.పి.టి.ఇ.ఎల్. ద్వారా ఉచితముగా లభించుచున్న యీ దినములలో, గ్రంథాలయము చిన్నదను సాకు పూర్వమువలె చెల్లదు.

కంప్యూటరులో నమూనా గీసి మీట నొక్కినచో రంగుల పటము వచ్చుచుండగా ఈ చదువంతయు నెందుకని అడుగువారు కలరు. ఆ పద్ధతి పుట్టినది సైతము విమానశాలలోనే: 1956లో బోయింగు సంస్థకు చెందిన టర్నరు మొదలగువారు రెక్కల బిగువును లెక్కించుటకై దానిని ప్రకటింపగా, వారిలో నొకడైన క్లఫ్ 1960లో దానికి నేటి పేరు పెట్టెను. అది గొప్ప సాధనమే. కాని ఎల్ ఆకారపు బ్రాకెట్టు నొకదానిని, లోపలి మూల పదునుగా నుండునట్లు గీసి లెక్కింపుడు; మూలయొద్ద ఒక ప్రతిబలము వచ్చును. వస్తువును విభజించు వల కన్నులను సగము చేసి మరల లెక్కించినచో అది పెరుగును. మరల సగము చేసిన ఇంకను పెరుగును. ఎంత సన్నగిల జేసినను అది ఎచ్చటను ఆగదు. తొలి పుస్తకముతో నిలిచిపోయిన విద్యార్థి, తనకు నచ్చినచోట ఆగి, వచ్చిన ఎరుపురంగు సంఖ్యను నివేదికలో వ్రాయును. లోపలి పదునుమూల యొద్ద స్థితిస్థాపకతా సిద్ధాంతపు సమాధానమే అనంతమని 1952లో విలియమ్స్ చూపినది తెలిసినవాడు మాత్రము, యంత్రము తప్పు చేయలేదనియు, తానడిగిన ప్రశ్నయే తప్పనియు గ్రహించి, మూలను గుండ్రము చేయును, లేదా పగుళ్ల సిద్ధాంతమును ఆశ్రయించును, లేదా లోహము అచ్చట లొంగునని లెక్కలో చేర్చును. సాధనము శక్తిమంతమైనకొలది దాని నడుగు ప్రశ్నకు పై చదువు హెచ్చుగా కావలెను.

మన కళాశాలలలో యంత్ర రూపకల్పన, కట్టడ శాఖల ఎం.టెక్. తరగతులలో ఈ విషయములు పాఠ్యక్రమమున నున్నవే, కాని బి.టెక్.తో ఉద్యోగమునకు పోవు విద్యార్థియే హెచ్చు గనుక, రెండవ సంవత్సరమునకును ఆ పై మెట్టునకును నడుమ వంతెన కావలెను. మూడవ సంవత్సరములో ఒక్క ఐచ్ఛిక పాఠము చాలును. దానికి ఖరీదైన పరికరములు వలదు: సుద్దముక్కలు, చీల్చిన పైపు, సబ్బునీరు, వంకర కొక్కెము, పదునుమూల బ్రాకెట్టు, వారమున కొకటి. పరీక్షలో ‘ఇంత భ్రామకమునకు ప్రతిబలమెంత’ అను ప్రశ్న ప్రక్కన ‘ఈ సూత్రము ఈ వస్తువునకు ఏల చెల్లదు, చెల్లుటకు ఏమి మార్పవలెను’ అను ప్రశ్న యొకటి తప్పక నుండవలెను. ప్రశ్నపత్రము మారనంతవరకు చదువు తీరు మారదని అధ్యాపకులందరికిని తెలియును. ఇక పొరుగున నున్న కర్మాగారము. టిమొషెంకో 1923లో అమెరికాలోని వెస్టింగ్‌హౌస్ సంస్థలో పనికి చేరి, అచ్చటి యువ ఇంజనీర్లకు ఈ శాస్త్రమున గల లోటును గమనించి, వారికే పాఠములు చెప్పనారంభించెను; ఆ బోధన ఫలితమే తరువాత మిచిగాన్, స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయములలో పెంపొంది, మనము నేడు చదువు గ్రంథములైనవి. ఆదిబట్లలోని అనుభవజ్ఞులైన ఇంజనీర్లును, కంచన్‌బాగ్‌లోని మిధాని, రక్షణ లోహ పరిశోధనశాలలవంటి సంస్థల శాస్త్రజ్ఞులును నెలకొక సాయంకాలము మంగళపల్లికో శేరిగూడకో వచ్చి, తమ చేతికి వచ్చిన పగిలిన భాగము నొకదానిని బల్లపై నుంచి, అది ఎచ్చట మొదలై ఎటు పారినదో విద్యార్థులచేతనే చెప్పించు నేర్పాటు చేయుట కళాశాలల ప్రిన్సిపాళ్లకును కర్మాగారపు అధికారులకును అసాధ్యమైన పని కాదు. రానున్న విద్యాసంవత్సరముననే దానిని ఆరంభింపవచ్చును.